తెర నిండా బొమ్మ

పూర్ణా మార్కెట్ వీడియో కొట్టులో గవర్రాజు క్యాసెట్టును బల్లమీద విసిరికొట్టాడు.

“ఛీ! ఏటి కాపీ బావా ఇది? రేవు సీనులో మాయమ్మ నేదు!”

కొట్టు యజమాని తాపీగా అన్నాడు. “బొమ్మ తెర నిండా ఉంది గదా.”

“పక్కలు కోసీసి నింపినావు! మన రేవులో సూటింగు తీసినప్పుడు మాయమ్మ అందులో పడింది. హాల్లో సూసినప్పుడు సేపల తట్టతో తెర అంచునే నిలబడింది. పోయిన మనిసి, ఇంకో ఫొటో నేదు.”

“సినిమాస్కోపు మొత్తం టీవీలో పట్టాలంటే పైనా కిందా నల్లపట్టీలొస్తాయి బావా. మొదటి కాపీ అలాగే ఇచ్చినాను.”

“అదే మళ్లీ ఇయ్యి.”

“ఎక్కడిది? నీకు కాపీ తీసిన అసలు క్యాసెట్టు ఓడలో వొచ్చినోళ్లది, ఓడతోనే ఎల్లిపోనాది. నీ కాపీ సూసి నువ్వే, ‘ఛీ, ఈ మసిపట్టీలేటి? సెరిపీసి దీనిమీదే నిండుగా ఎక్కించు’ అన్నావు.”

గవర్రాజు బల్లమీది క్యాసెట్టును మళ్లీ చేతిలోకి తీసుకున్నాడు.

“అప్పుడా కాపీ మాయమ్మొచ్చేదాకా కూడా సూణ్ణేదు బావా.”