గడప ఒప్పుకోవాలయ్యా

తలుపు, తలుపు, తలుపు! పొద్దుటినుంచీ ఇదే గోల. నీ దుకాణానికి తలుపు లేదు, స్కూలు పిల్లల యూనిఫారాలు రేపు ఇచ్చెయ్యాలి, గుమ్మానికి దుప్పటి వేలాడదీసి రాత్రంతా కాపలా కాస్తున్నావు, ఇంతేగా? నేను వడ్రంగినయ్యా టైలరూ, చెవిటివాణ్ణి కాదు. తలుపు బిగించడం ఎంతసేపు! కానీ గడప ఒప్పుకోవాలి. ఒప్పుకోకుండా బిగించాననుకో, తలుపు లోపలా దుకాణం బయటా ఉండిపోతాయి. అప్పుడు మళ్ళీ నా మీదే పడి ఏడుస్తావు.

"గడప ఒప్పుకోవడమేంటి మేస్త్రీ, నువ్వు ఒప్పుకుని పది రోజులైంది!" అన్నాడు టైలరు.

ఇదిగో, ఇదీ మీతో వచ్చిన తంటా. అసలు గడప అనే మాటలో ఏముందో ఎప్పుడైనా ఆలోచించావా? కాలం గడపడం అంటాం, సంసారం గడపడం అంటాం. గడప లేకపోతే గడపడం ఎక్కడిది? ఇంత పెద్ద తత్వం మన నోట్లోనే నానుతుంటే ఒక్కడికీ పట్టలేదు, నాకు పట్టింది. ఎలా పట్టిందో తెలుసా?

"చెప్పు చెప్పు," అన్నాడు బస్సు కండక్టరు, టీ కొట్టు బల్ల మీద సర్దుకుని కూర్చుంటూ.

"నువ్వు ఎగదొయ్యకయ్యా బాబూ," అని టైలరు తల పట్టుకున్నాడు.

ఒక మేనేజరు గారింట్లో తలుపు కిర్రుమంటోందంటే వెళ్ళాను. ఎవరైనా ఏం చేస్తారు, బందుకి నూనె రాస్తారు. నేను గడపకి చెవి ఆనించాను. ఏడుస్తోందయ్యా పాపం! ఆయన ఆఫీసు కోపమంతా రోజూ దాని మీదుగా ఇంట్లోకి మోసుకొస్తున్నాడట, ఇక మొయ్యలేనంది. సరేలెమ్మని ఉలితో అలా ఓ పొర తీశాను, అంతే. మర్నాటినుంచి ఆయన లోపలికి, కోపం బయట. మెట్ల మీద కుప్పలు పడిపోయేది. పనిమనిషి ఊడ్చలేక మానేసింది. ఓ కుక్క వచ్చి అది వాసన చూసింది, అప్పట్నుంచీ కనపడ్డ ప్రతి బండినీ తరుముతూనే ఉంది. కుక్కలు బళ్ళ వెంట ఎందుకు పడతాయనుకున్నారు మరి!

"గ్లాసు కింద పెట్టి చెప్పు తమ్ముడూ, టీ అంతా నా బల్ల మీదే ఒలకబోస్తున్నావు," అంది టీ కొట్టు అక్క.

టీదేముంది అక్కా, విషయం విను. ఆ సంగతి తెలిసి ఆసుపత్రి వాళ్ళు పిలిచారు. వెళ్ళి ఓ గడప వేశాను. మనిషి లోపలికి అడుగుపెడితే జ్వరం బయటే నిలబడిపోయేది. మందులు లేవు, సూదులు లేవు. వారం తిరిగేసరికి డాక్టర్లు ఈగలు తోలుకుంటూ కూర్చుని, మేస్త్రీ, మా పొట్ట కొట్టకయ్యా, పీకెయ్యమని కాళ్ళావేళ్ళా పడ్డారు. జాలేసి పీకేశాను. ఆ తర్వాత ఏమైందో తెలుసా?

"నా తలుపు బిగించావా?" అన్నాడు టైలరు.

ఛీ! మనిషికి ఓపికుండాలి. ఓ పాత భవనం, గది వెనక గది, గది వెనక గది. తలుపులన్నీ ఒకే వరసలో నేనే బిగించాను. పని అయ్యాక పరీక్షకని ముందు గుమ్మంలో దూరి గబగబా నడిచి వెనక గుమ్మంలోంచి బయటపడ్డాను. చుట్టు తిరిగొచ్చి చూద్దును కదా, ముందు గుమ్మంలో నేనే లోపలికి వెళ్తూ కనపడ్డాను! గడపలు అంత బాగా కుదిరాయి, వెళ్ళకముందే వచ్చేశాను. ఎక్కడికి బాబూ అనడిగితే, నీకెందుకూ అన్నాడు. ఎంత పొగరు! నా సంచీ కూడా వాడి భుజానే ఉంది.

"ఆ రెండోవాణ్ణయినా పంపించు మేస్త్రీ, నీకు పుణ్యముంటుంది. వాడైనా తలుపు పెడతాడేమో!" అన్నాడు టైలరు.

వెటకారం! విద్య విలువ తెలియనివాళ్ళకి వెటకారమే వస్తుంది. సరే, ఇది కూడా విని ఏడువు. ఓ రోజు తెల్లవారకముందే లేచి, ఓ గడప భుజాన వేసుకెళ్ళి ఊరి చివర రోడ్డుకడ్డంగా, సరిగ్గా నిన్నకీ ఇవాళకీ మధ్య పెట్టాను. సూర్యుడు వచ్చి ఆగిపోయాడు. ఎవరది అన్నాను. నేనే అన్నాడు. ప్రతివాడూ నేనే అంటాడు, నేనే అంటే ఎవరు, పేరు చెప్పి దాటు అన్నాను. పుట్టి బుద్ధెరిగాక ఆయన్నెవరూ పేరు అడగలేదుట. పాపం గుర్తు తెచ్చుకునేసరికి మధ్యాహ్నమైంది. ఆ రోజు ఊళ్ళో ఎవరికీ పొద్దున్న అనేదే లేదు, ఎకాఎకీ భోజనాలే!

"సూర్యుణ్ణే ఆపావు, మొన్నటి వానని ఆపలేకపోయావా?" అన్నాడు టైలరు. "సగం యూనిఫారాలు తడిసి ముద్దయ్యాయి. ఇవాళ కూడా మబ్బు పట్టింది చూడు. మిగతావి కూడా తడిస్తే ఇక స్కూలు వాళ్ళు నా మొహం చూడరు."

నన్నేం చెయ్యమంటావయ్యా! గడపతో మాట్లాడుతున్నాను, అది మెత్తబడుతోంది, మధ్యలో నువ్వు వచ్చి నస పెడతావు. గడపలకి నేనంటే ఎంత గౌరవమో నీకు తెలీదు. నేను వస్తున్నానంటే నేలతో సమానమైపోతాయి. ఈ భూమ్మీద నన్ను ఆపే గడప ఇంకా పుట్టలేదు!

"మరి మీ ఇంటి గడప సంగతేంటి తమ్ముడూ?" అంది అక్క, గ్లాసులు కడుగుతూ.

దానికేమైంది?

"టైలరుకి తలుపు పెట్టేదాకా నా గడప తొక్కావంటే కాళ్ళు విరగ్గొడతానని నిన్న మీ ఆవిడ అరిచిన అరుపు వీధి వీధంతా విన్నాం. నువ్వు రాత్రి పడుకున్నది ఈ బల్ల మీదే కదా."

కండక్టరుకి పొలమారింది. మేస్త్రీ టీ గ్లాసు అందుకున్నాడు. అడుగున ఏమీ లేకపోయినా ఓసారి తాగాడు. తర్వాత బల్ల కిందనుంచి పనిముట్ల సంచీ లాగి భుజాన వేసుకున్నాడు.

"లేవయ్యా టైలరూ! పొద్దుటినుంచీ కబుర్లేసుకుని కూర్చున్నావు, అవతల మబ్బు పట్టేస్తుంటే నీకసలు బాధ్యత ఉందా?"

నాలుగడుగులు వేసి మళ్ళీ వెనక్కి వచ్చాడు. గొంతు బాగా తగ్గించాడు.

"అక్కా, మా ఆవిడ పాలకోసం ఇటొస్తే, సుత్తి చప్పుడు వినపడుతోందని చెప్పవా."