ఇన్‌స్పెక్షన్ రోజు మేడమ్

రాజమండ్రి పక్కనున్న ఒక యూనివర్సిటీలో, జీతం ఎందుకు ఆపారో అడగడానికి వచ్చిన కెమిస్ట్రీ లెక్చరర్ సూపరింటెండెంట్ గారి బల్ల ముందు నిలబడే ఉంది. కూర్చోమని ఆయన అనలేదు.

"నోటిఫికేషన్ లేకుండా తీసుకున్నారు మేడమ్ మిమ్మల్ని. ఆ నియామకమే చెల్లదని ఆడిట్ వాళ్ళు రాశారు. ఇంక జీతం ఎలా ఇస్తామండి?"

"తీసుకున్నది మీరే కదండీ? నేనేమైనా గోడ దూకి వచ్చానా?"

"అప్పటి వీసీ గారు తీసుకున్నారు. ఆయన రిటైరైపోయారు."

"ఆయన పెన్షన్ ఆపారా అండీ?"

"నన్నడిగితే ఏం చెప్పను మేడమ్? కోర్టుకెళ్ళండి."

"నేను చెప్పిన పాఠాలు చెల్లాయి, దిద్దిన పేపర్లు చెల్లాయి, ఆ పిల్లల డిగ్రీలూ చెల్లుతున్నాయి. నా జీతమొక్కటే చెల్లలేదా?"

"గట్టిగా మాట్లాడకండి. అన్నట్టు, సోమవారం ఇన్‌స్పెక్షన్ కమిటీ వస్తోంది. పోయినసారిలాగే మంచి చీర కట్టుకొచ్చి ల్యాబ్‌లో ఉండండి. తలుపుకి మీ పేరు బోర్డు పెట్టిస్తాం. పర్మనెంట్ అనే చెప్పాలి."

ఆవిడకి ఒళ్ళు మండిపోయింది. అయినా గొంతు తగ్గించింది.

"తప్పకుండా వస్తానండి. మీరెవరమ్మా అని వాళ్ళడిగితే, ఇందాక మీరు నాతో అన్నదే పొల్లుపోకుండా చెబుతాను."

అప్పటికి గానీ ఆయనకి ఎదురుగా కుర్చీ ఉన్న సంగతి గుర్తు రాలేదు.

"కూర్చోండి మేడమ్, కూర్చోండి."