గాడి పక్కన తవ్వొద్దన్నారుగా

అట్లా గుడ్లురిమి చూస్తారేం బావగారూ? ముసుగు తీసేశాననా? మీ తమ్ముణ్ణి కట్టుకుని ఈ ఇంటికొచ్చిన నాటినుంచీ మీకు నా మొహం చూపించానా? మీకో మాట చెప్పాలంటే గోడకి చెప్పేదాన్ని, మీరు వినేవారు. ఇవాళ గోడతో పని లేదు.

కూర్చోండి, కూర్చోండి. జగీర్ సింగ్ గారంటే ఊరి పెద్ద కదా, ముందు వరసలో మీకు నులకమంచం వేయించింది నేనే. తెరకని తెల్లదుప్పటి కట్టేశారు. ఊరంతా వస్తోంది, మీ సినిమా చూడ్డానికి.

అబ్బ, ఎంత మురిసిపోయారండీ ఆ వేళ! చండీగఢ్ నుంచి ఆ పిల్ల నవ్‌రీత్ కెమెరా పట్టుకొచ్చి, "తాతగారూ, దేశం రెండు ముక్కలైనప్పుడు నగలు కుండలో పెట్టి పాతేసేవారట కదా, ఆ కథ చిన్న సినిమా తీస్తున్నా, వేషం మీరే వెయ్యాలి" అందో లేదో, కొత్త తలపాగా చుట్టేశారు. పార కూడా మీరే తెచ్చారు.

"కొట్టంలో పశువుల గాడి పక్కన తవ్వండి తాతగారూ, వెలుతురు బాగుంది" అంది.

మీరేమన్నారు? గుర్తు లేదా? పోనీ, నేను చెప్పనా?

"అక్కడొద్దు. అక్కడ పిల్ల ఉంది."

తర్వాత ఎంత దగ్గితే ఏం లాభం? చొక్కాకి తగిలించిన మైకు అప్పటికే మింగేసింది.

నా పిల్ల చచ్చి పుట్టిందన్నారు నాకు. ఏడుపు విన్నాను కదండీ! అత్తగారు బెల్లం ముక్క, దూది తెమ్మన్నారు. ఎందుకో ఈ ఊళ్లో ఏ ఆడదానికి తెలీదు? ఆడపిల్లని వదిలించుకునేటప్పుడు నోట్లో బెల్లం, గుప్పిట్లో దూది. పిల్లని పెట్టిన కుండ మోసుకెళ్లింది మీరు. కాలవలో వదిలేశామన్నారు. నేను పిచ్చిదాన్ని, ఇన్నేళ్లూ ఆ కాలవ గట్టున కూర్చుని ఏడ్చాను. రోజూ ఆ గాడిలో గడ్డేసింది నేనేనండీ! నా బిడ్డ మీద నిలబడి!

మీ తమ్ముడంటారా? ఆయన నోరు విప్పకుండానే పోయాడు. మీరంటే అంత భయం.

నవ్‌రీత్ నా దగ్గరికొచ్చి, "ఏ పిల్ల, నానమ్మా?" అనడిగింది. అంతా చెప్పాను. కెమెరా ముందే, ముసుగు లేకుండా. నగల కథ తీసి పారేసింది. ఇప్పుడు అందులో మీరూ నేనూ, అంతే.

అదేంటి, లేస్తున్నారు? సినిమా అయ్యాక జనమంతా మన కొట్టంలోకే వస్తారు. పార అక్కడే పెట్టించాను. మొదటి దెబ్బ మీరే వెయ్యాలి. నిదానంగానే వెయ్యండి, నాకేం తొందర లేదు.

ఇదిగో, చున్నీ కొంగున బెల్లం ముక్క కూడా కట్టుకున్నాను. దానికి కాదు బావగారూ. మీ నోట్లో పెట్టడానికి.