ఆఖరి షాటులో ఒక్క తల్లే

ఎవరూ, డైరెక్టర్ అరుణగిరా? వడపళనిలో వీధికి ఆయన పేరు పెడతారా? "కుటుంబాలను కలిపిన మహానుభావుడు" అనా? ఉండు తంబీ, నవ్వుతో పాటు దగ్గు కూడా తన్నుకొస్తోంది. ఆయన సినిమాలన్నిటికీ మేకప్ వేసినవాణ్ణి, నా దగ్గరా ఈ కబుర్లు! ఉన్నదొక్కటే కథ. తిరునాళ్లలో పిల్లాడు తప్పిపోతాడు, ఇంకో తల్లి పెంచుతుంది, చివర్లో కన్నతల్లి దొరుకుతుంది. దొరికిందా, పెంచిన తల్లి చచ్చిందే. విలన్ ఎవరికి గురిపెట్టినా గుండు మాత్రం ఆవిడకే. తుపాకీ లేకపోతే మెట్లు, మెట్లు లేకపోతే గుండెనొప్పి. ఎందుకండీ పాపం అని అడిగితే, ముక్కుతో ఇలా అనేవాడు, "ఆఖరి షాటులో అందరూ వరసగా నిలబడి దండం పెట్టాలోయ్. ఇద్దరు తల్లులుంటే జనం ఎవరిని చూసి ఏడవాలి?" పెద్ద మేధావి మరి! ప్రతి సినిమాకీ ఆవిడ పెదాలకు బూడిదరంగు పూయలేక చచ్చేవాణ్ణి.

తీరా చూస్తే ఆయనింట్లో ఉన్నదీ పెంపుడు పిల్లాడే. కదిర్ అని. గ్రూపు డాన్సుల్లో ఆడే రంజితం మొగుడు పోయిన దుఃఖంలో, పురిట్లోనే ఇచ్చేసింది. పెంచింది ఆయన భార్య వడివమ్మ. ఈయనేం పెంచాడు, మీసం పెంచాడు. వాడికి సంగతంతా వడివమ్మే చెప్పింది, దాచలేదు. ప్రివ్యూలకు వాణ్ణి ఒళ్లో పెట్టుకుని వచ్చేది. తెర మీద ఆ తల్లి చచ్చేటప్పుడు వాడి కళ్లు మూసేది. వాడు వేళ్ల సందుల్లోంచి చూసేవాడు, పిల్లలు ఊరుకుంటారా. ఏం చెబుతున్నాను? ఆఁ, రంజితం. ఒకసారి ఆయన సినిమా విరగబడి ఆడింది. అందులో డైలాగు, "నవమాసాలు మోసిన కడుపు ముందు పెంచిన చెయ్యి ఎంత?" అని. హాలంతా ముక్కులు చీదడమే. ఆ వేడిలో ఓ ఆదివారం పొద్దున రంజితం ఆయనింటికొచ్చి కాళ్ల మీద పడింది. హాల్లో కోయంబత్తూరు డిస్ట్రిబ్యూటర్లున్నారు. విగ్గు చూపించడానికి నేనూ వెళ్లాను. "అయ్యా, మీ సినిమా మూడుసార్లు చూశాను. మీరే చెప్పారు కదయ్యా కడుపు గురించి. నా బిడ్డను నాకిప్పించండి" అంది. దానికి ఈయనేమన్నాడో తెలుసా? "మూడుసార్లా!" అన్నాడు, మొహం చేటంత చేసుకుని. వంటింటి గుమ్మంలో వడివమ్మ, చేతిలో అట్లకాడ, మొహంలో నెత్తురుచుక్క లేదు. కాదంటే సొంత డైలాగు అబద్ధమవుతుంది, అదీ డిస్ట్రిబ్యూటర్ల ముందు. పెళ్లాం ఏమైపోతే ఏం? పిల్లాణ్ణి పిలిచాడు. "కదిర్, ఇదిగో నిన్ను కన్నతల్లి!" అని చెయ్యి ఊపాడు చూడు, ఆ వెంటనే యాక్షన్ అంటాడేమో అనుకున్నాను. చెంప పగలగొట్టాలనిపించింది.

పిల్లాడు ఆవిణ్ణి చూశాడు, ఈవిణ్ణి చూశాడు. అడిగాడు, "నాన్నా, అయితే ఇప్పుడు అమ్మ చచ్చిపోతుందా?" అని. రంజితం లేచింది. "లేదు నా బంగారూ, ఎవరూ చావరు, నేను వెళ్లిపోతున్నా" అని చీరకొంగు నోట్లో కుక్కుకుని వీధిలోకి పరుగెత్తింది. మళ్లీ ఆ గడప తొక్కలేదు, మంచి మనిషి. మరి ఈ మహానుభావుడో? పక్కనే ఉన్న అసిస్టెంటు వైపు తిరిగి, "విన్నావా? రాసుకో, రాసుకో, మర్చిపోతాం!" అన్నాడు. వడివమ్మ అట్లకాడ కింద పెట్టి, పిల్లాణ్ణి తీసుకుని మాయవరంలో అన్నగారింటికి వెళ్లిపోయింది. కొన్నాళ్లకు ఈయన నన్ను రాయబారం పంపాడు. ఆవిడ నాకు అన్నం పెట్టి, మెల్లగా చెప్పింది, "అన్నా, సినిమాల్లో నన్ను ఎన్నిసార్లయినా చంపుకోమనండి. నా బిడ్డ చూస్తుండగా మాత్రం వద్దు. ఇక రాను" అని. తిరిగొచ్చి ఉన్నదున్నట్టు చెప్పాను. విన్నాడు. కాసేపు కళ్లు మూసుకున్నాడు. పోనీ, మనిషేనన్నమాట అనుకున్నాను. కళ్లు తెరిచి అడిగాడు, "ఈ మాట ఏడుస్తూ చెప్పిందా, ఏడవకుండా చెప్పిందా?" అని.

...కళ్లల్లో నీళ్లేమిటనా? ఏమీ లేదు తంబీ, దగ్గే. నువ్వు వెళ్లు.