నిలబడిన ట్రాలీ

తెనాలి. రెండువేల ఐదు, ఆషాఢం చివర్లో ఒక సాయంత్రం. అన్నదమ్ములు శేషగిరిరావు, వెంకట సుబ్బయ్యల ఉమ్మడి కారు షెడ్డు. గచ్చు మధ్యలో తెల్లగీత. గీతకి అటు అన్నగారి అంబాసిడర్, ఇటు తమ్ముడు షామియానా సామాను తోలే ట్రాలీ. లోపల సుబ్బయ్య, బాపట్ల ఇంజనీరింగ్ కాలేజీ నుంచి సెలవులకి వచ్చిన ఆయన కొడుకు భరద్వాజ.

"ఒంటి చేత్తో, నాన్నా. అదీ ఎడం చేత్తో. కుడిచేతిలో జామకాయ ఉంది."

"ఏది, ఈ ట్రాలీనా?"

"ఈ ట్రాలీనే. నొగ ఇట్టా పట్టుకున్నా, పైకి అన్నా, లేచి గోడకి ఆనుకుని నుంచుంది. నేనే ఆశ్చర్యపోయా. జామకాయ కూడా కింద పడలా."

"నలుగురు తోస్తేగానీ కదలని ట్రాలీని, మంచినీళ్ళ బిందె ఎత్తలేని వెధవవి, నువ్వు నిలబెట్టావు."

"హాస్టల్లో రోజూ ఎక్సర్‌సైజు చేస్తున్నా."

"మరి దూలానికి ఆ గొలుసు కప్పీ ఏంటి?"

"ఏ కప్పీ?"

"నీ నెత్తి మీద వేలాడుతున్న కప్పీ."

"ఓ, అదా. మన పాతదేమో నాన్నా."

"దాని మీద మెకానిక్ సుబ్బారావు పేరు ఎందుకుంది?"

"సుబ్బారావు గారికి మనమంటే అభిమానం."

"ఆ తుండుగుడ్డలు?"

"గాలికి ఎగిరొచ్చినట్టున్నయ్."

"గాలికి ఎగిరొచ్చి, నాలుగూ వరసగా మేకులకి తగులుకున్నయ్యా?"

"హమాలీలు, నాన్నా. లాగింది వాళ్ళే. హైలెస్సా అంది మాత్రం నేను."

"నువ్వు లేపింది ఏంటి మరి?"

"షెడ్డు తాళం తీశా. ఒంటి చేత్తోనే."

"తాళంచెవి నా జంధ్యానికి ఉంటే నువ్వెట్టా తీశావు?"

"మధ్యాహ్నం భోంచేసి పడుకుంటే నువ్వు లేవవు నాన్నా. జంధ్యం కాదు, మంచం ఎత్తుకెళ్ళి మార్కెట్లో అమ్మినా లేవవు."

"దించు."

"మంచమా?"

"ట్రాలీ! దించరా దాన్ని! రేపల్లె నుంచి కోటయ్య పాసింజరుకి వస్తున్నాడు. ట్రాలీ తీసుకుపోతాడు. ఇట్టా ఉరేసినట్టు గోడకి నిలబెడితే ఏం చూసి కొంటాడు?"

"అమ్మొద్దు నాన్నా. అందుకేగా నిలబెట్టింది. పడుకోబెడితే సగం షెడ్డు తినేది, ఇప్పుడు చూడు, బీరువా అంత చోటు. మిగిలినదాంట్లో నిమ్మకాయల మార్కెట్ యార్డు మొత్తం పట్టుద్ది. ఓ పక్కగా బస్టాండు కూడా కట్టుకోవచ్చు."

"నోర్ముయ్."

"బస్టాండు వద్దులే. హారన్ల మోత."

"చోటు గురించా నా గొడవ? చెప్పు, చోటు గురించా?"

"మరి?"

"మీ పెదనాన్న నన్ను దొంగన్నాడు! వీధరుగు మీద నుంచుని, పాలబసవమ్మ వింటుండగా. 'గీత జరిపావురా సుబ్బయ్యా, నా అడుగు మింగావు' అన్నాడు. ఆ గీత గీసింది ఎవరు? ఆ కొస తను పట్టుకుంటే ఈ కొస నేను పట్టుకున్నా. సుద్దతాడు కొట్టి, ఇద్దరం కలిసి రంగేశాం. ఆ గీత నేను జరుపుతానా?"

"జరపవు."

"నా ట్రాలీ, ట్రాక్టరు డ్రైవరు వదిలేసిన చోటే ఉంది. గీతకి ఇవతలే ఉంది. జరిపే మొహమేనా ఇది?"

"కాదు నాన్నా."

"ఎందుకంత మెల్లిగా అంటావు?"

"గొంతు పట్టేసింది."

"తను కారు గోడకి రాసుకున్నాడు, అదీ సంగతి. గీత ఉంటే చాలు, కళ్ళు మూసుకుని వెనక్కి పెడతానని ఊరంతా చెప్పుకున్నాడుగా. గోడకి రాసుకునేసరికి పరువు పోయింది. అందుకని గీతే జరిగిందంటాడు. గీత జరుగుద్దా? పామా అది?"

"సునామీకి సూర్యలంక దగ్గర భూమే పక్కకి జరిగిందంట నాన్నా."

"సునామీ వచ్చి ఎన్ని నెలలైంది? కారు రాసుకుంది మొన్న ఆషాఢం మొదట్లో."

"మన దాకా రావటానికి టైం పట్టుద్దిగా. మధ్యలో పొన్నూరు ఉంది."

"పళ్ళు రాలతయ్ చెబుతున్నా."

"సరే నాన్నా, సునామీ కాదు. కానీ శ్రావణంలో మొదటి పెళ్ళే బాపట్లలో ఒప్పుకున్నావు. షామియానాలు, కుర్చీలు, గంగాళాలు దేంట్లో తోలతావు?"

"తోలను. దుకాణం మూసేస్తా. దొంగ సామాను ఎవడి పెళ్ళికీ వద్దు. ఈ షెడ్డులో నా చెక్కముక్క కూడా ఉండదు. మొత్తం తననే ఏలుకోమను."

"నాన్నా, అంత పని..."

"ఒరేయ్ భరద్వాజా! ఏంట్రా షెడ్డులో ఆ అరుపులు?"

"పెదనాన్నా, రా, రా. తల వంచుకుని రా, గొలుసు తగులుద్ది."

"నేను రాను. లోపల మీ నాన్న ఉన్నాడుగా. పోయాక చెప్పు."

"ఎందుకు పోవాలో అడగరా! నా సగంలో నేను నుంచున్నా."

"పెదనాన్నా, నాన్న తన సగంలో..."

"వినపడింది, నేను చెవిటివాణ్ణి కాదు. ఏది తన సగమో అడుగు."

"నాన్నా, ఏది నీ సగమో..."

"గీత దాకా! కళ్ళుంటే చూసుకోమను."

"పెదనాన్నా, నీ కళ్ళు భేషుగ్గా ఉన్నయ్యంటున్నాడు నాన్న."

"అట్టా ఎప్పుడన్నాను రా?"

"సారాంశం చెబుతున్నా నాన్నా. ఉన్నదున్నట్టు చెబితే ఇద్దరూ నన్నే కొడతారు."

"అదేంట్రా! ట్రాలీని గోడెక్కించారేంటి? నా కారు మీద కూలితే?"

"కూలదు పెదనాన్నా. కింద వెనక తలుపు మీద నుంచుంది, పైన నొగకి రెండు గొలుసులు. అది కూలే లోపు తెనాలి కూలుద్ది."

"ఇదో కొత్త ఎత్తా? గచ్చు మీద ట్రాలీయే లేదు, ఇక గీతతో పనేంటని, మొత్తం మింగుదామనా?"

"విన్నావురా? విన్నావా? పడుకోబెడితే మింగానంటాడు, నిలబెడితే మింగుతానంటాడు! ఇక తలకిందులుగా వేలాడదీయమను!"

"దానికి మళ్ళీ కప్పీ కావాలి నాన్నా. సుబ్బారావు గారు చీకటిపడే లోపు ఇచ్చెయ్యమన్నారు."

"నువ్వు తప్పుకోరా. నా కారుకి, ఆ గొలుసులకి మధ్య ఎంత ఎడముందో నేనే చూస్తా. ఊఁ... ఇటు... ఆగు. ఇదేంటి?"

"ఏది పెదనాన్నా?"

"ఇన్నాళ్ళూ ట్రాలీ చక్రం ఉన్న చోట. గచ్చు మీద. తెల్లగా, జానెడు ముక్క."

"పావురం."

"పావురం ఇంత తిన్నగా వేస్తుందా?"

"క్రమశిక్షణ గల పావురం."

"ఇది గీత రా! పాత గీత! చుట్టూ కిరసనాయిలు పెట్టి తుడిచేశారు, చక్రం కింద తుడవటానికి వీల్లేక ఈ ముక్క మిగిలింది! పాతది ఇక్కడుంది, కొత్తది అదుగో అక్కడుంది. మధ్యలో అడుగు! నేను చెప్పలా? చెప్పలా నేను? ముసలాడికి చత్వారం అన్నారే అందరూ! పిలు, మీ నాన్నని పిలు, వచ్చి చూడమను!"

"నీ పక్కనే ఉన్నాడు పెదనాన్నా."

"ఇది... ఇది ఎట్టా వచ్చిందిరా ఇక్కడికి?"

"నిన్నడుగుతాడేంట్రా? ఎట్టా వచ్చిందో తననే చెప్పమను."

"నేను కాదన్నయ్యా."

"నాతో మాట్లాడొద్దని చెప్పు."

"నాన్నా, పెదనాన్న నీతో..."

"నువ్వు ఊరుకో. మధ్యలో నువ్వక్కర్లా. అన్నయ్యా, ఇటు చూడు. నా మొహం చూడు. గీత జరిగింది, నువ్వు చెప్పింది నిజమే. కానీ నేను జరపలా. ఇప్పుడు నేనేమన్నా దొంగ మాటలాగే ఉంటది, నాకు తెలుసు. అయినా నేను కాదు."

"ఇంకెవరికి కుదురుద్ది? ఈ షెడ్డుకి తాళంచెవులు రెండు. ఒకటి నా జంధ్యానికి, ఒకటి నీ జంధ్యానికి. బయటివాడు వచ్చి రంగేసి పోతాడా?"

"అదే నాకూ అంతుపట్టట్లా."

"పట్టదులే. ఇదిగో, పక్కనే అరికాలు అచ్చు కూడా ఉంది. తడి రంగు తొక్కి ట్రాలీ కిందకి దూరాడు ఆ పెద్దమనిషి."

"ఎక్కడ?"

"ఇక్కడ. అయిదు వేళ్ళూ పడ్డయ్."

"జరుగు. జరుగన్నయ్యా! నా కాలు పెడతా. ఇదిగో. వంగి చూడు. అచ్చు కనపడుతోందా?"

"కనపడట్లా."

"ఎందుకు కనపడట్లా? నా కాలు మొత్తం కప్పేసింది కాబట్టి. ఊళ్ళో ఏ కొట్లో నా సైజు చెప్పులు దొరకవు, కుట్టించుకుంటా. నీకు తెలుసా, తెలీదా?"

"తెలుసు."

"మరి చెప్పు. దొంగనా?"

"నీ కాలు కాదులే."

"అరుగు మీద అన్నంత గట్టిగా చెప్పు."

"నీ కాలు కాదురా సుబ్బయ్యా! నువ్వు కాదు! చాలా? పాలబసవమ్మని కూడా పిలవమంటావా?"

"రేపు పొద్దున ఎట్టాగూ వస్తుందిగా. అప్పుడు చెబుదువుగాని."

"చెబుతాలే. కోపంలో అనేశా. కొత్త రంగేయించిన కారు, గోడకి రాసుకునేసరికి ఒళ్ళు తెలీలా. నాదీ పెట్టమంటావా కాలు?"

"నీది వద్దన్నయ్యా. నీ బొటనవేలు పక్కవేలు మీదకెక్కి ఉంటది, ఇక్కడ వేళ్ళన్నీ విడివిడిగా ఉన్నయ్. మనిద్దరం కాదు. తాళాలు చూస్తే మన దగ్గరే. ఎవరన్నా మధ్యాహ్నం నేను పడుకున్నప్పుడు జంధ్యం..."

"ఏంటాగావు?"

"అన్నయ్యా, వాడెక్కడ?"

"ఎవడు?"

"ఒరేయ్! ఎక్కడికిరా?"

"కోటయ్య గారు స్టేషన్లో దిగుంటారు నాన్నా. దారి తెలీక రేపల్లె వెళ్ళిపోతారేమో, తీసుకొస్తా."

"చెప్పు విప్పు."

"ఏ చెప్పు?"

"కాలిది."

"గచ్చు చల్లగా ఉంది నాన్నా. నాకు పడదు."

"అన్నయ్యా, తలుపెయ్."

"వేశా సుబ్బయ్యా. గడియ కూడా పెట్టా."

"చూశారా, ఇద్దరూ ఎంచక్కా మాట్లాడుకుంటున్నారు. ఇంకేం కావాలి? నాకు ఆనందంగా ఉంది. నేను లోపలికెళ్ళి అమ్మకి, పెద్దమ్మకి చెప్పి..."

"కాలు పెట్టు."

"ఈ సైజు బజార్లో ఎవరికైనా ఉంటది. సగం తెనాలిది ఇదే కాలు."

"పెట్టరా వెధవా!"

"పెట్టా."

"చూడన్నయ్యా."

"చూస్తున్నా. అచ్చు పోసినట్టుంది. చిటికెన వేలు దగ్గర వంకరతో సహా."

"సునామీ అనకు. పావురం అనకు. ఎందుకు చేశావు?"

"అది కాదు నాన్నా..."

"ఎందుకు?"

"పెదనాన్న ఎప్పుడూ అంటాడుగా, గీత ఒక్కటి చాలు, కళ్ళు మూసుకుని కారు వెనక్కి పెడతానని. నిజంగానే మూసుకుంటాడేమో చూద్దామనిపించింది. ఆయన కారు తీసుకుని రేపల్లె వెళ్ళిన రోజు నీ తాళంచెవి తీసుకుని వచ్చా. డ్రైవరు అప్పుడే ట్రాలీ చక్రం గీత మీద పెట్టేసి పోయాడు. ఆ ముక్క వదిలేసి మిగతాది తుడిచా, అడుగు అవతల కొత్తది గీశా. పెదనాన్న రాగానే గోడ చూసి ఆగుతాడు, దిగుతాడు, గీత చూసి, ఇది భరద్వాజ గాడి పనే అని నవ్వుతాడు అనుకున్నా. ఆగలా. గోడకి రాసేశాడు. నవ్వలా. నిన్ను దొంగన్నాడు."

"మరి అప్పుడు చెప్పొచ్చుగా?"

"ఆయన చాలా కోపంగా ఉన్నాడు పెదనాన్నా. అదే, నువ్వు."

"చల్లారాక?"

"చల్లారలేదుగా ఇప్పటిదాకా."

"వాణ్ణొదిలెయ్ అన్నయ్యా, నేనడుగుతా. ఒరేయ్, నన్ను దొంగన్నాడు. అన్నం తినకుండా తిరిగా, చూశావు. దుకాణం మూస్తానన్నా, విన్నావు. ట్రాలీ అమ్ముతానని కోటయ్యకి ఫోన్ చేసినప్పుడు నా పక్కనే కూర్చున్నావు. అప్పుడైనా నోరు రాలేదా?"

"రాలా నాన్నా. రెండుమూడు సార్లు నీ దగ్గరికొచ్చి మంచినీళ్ళు కావాలా అని అడిగా. అంతకన్నా రాలా. పొద్దున లేచి, ఎట్టాగైనా ట్రాలీ పోకూడదని, సుబ్బారావు గారి కాళ్ళు పట్టుకుని కప్పీ తెచ్చా, హమాలీల్ని బతిమాలా. లేపేటప్పుడు అందరం పైకే చూశాం. కింద ఏముందో నేనూ మర్చిపోయా."

"ఇంత పెద్ద ట్రాలీని గోడెక్కించే బదులు, నేనే గీత జరిపానని ఒక్క ముక్క చెప్పలేకపోయావురా?"

"రెండూ చేసి చూశాగా నాన్నా. ట్రాలీయే తేలిక."