ఫిర్యాదులో ఒక మాట

బట్టల కార్ఖానాలో రోజంతా నిలబడి ఇస్త్రీ చేసే అత్త, కూర్చోవడానికి స్టూలు ఇమ్మని యజమానికి ఇంగ్లీషులో కోడలి చేత అర్జీ రాయిస్తోంది.

"మేనేజరు నన్ను బ్రౌబీట్ చేస్తున్నాడు అని రాశానత్తయ్యా."

"అదేం మాట? వాడు నా మీద చెయ్యి వెయ్యలేదు. లేనిపోనివి రాయకు."

"చేత్తో పనిలేదు. కళ్ళెర్రజేసి, గొంతు పెంచి, ఎదుటి మనిషి నోరు పెగలకుండా చెయ్యడం."

"ఒకసారి అరిస్తే చాలా?"

"చాలదు. అడిగినప్పుడల్లా అరవాలి. చివరికి మనకే అడగబుద్ధి కాకూడదు."

"అచ్చం అదే చేస్తాడు! స్టూలు అంటే చాలు, ఇంతెత్తున లేస్తాడు. ఇది మగవాళ్ళే చేస్తారా?"

"నోరున్న వాళ్ళెవరైనా చేస్తారు."

"ఇంట్లో కూడానా?"

"ఇంట్లో అయితే ఇంకా తీరిగ్గా చేస్తారు."

అత్త కళ్ళజోడు సర్దుకుని కోడల్ని ఎగాదిగా చూసింది.

"మిగతా మాటలన్నిటికీ డిక్షనరీ తిరగేశావు. దీనికి మాత్రం చూడలేదేమే?"

"కాపురానికొచ్చిన మొదటి వారమే చూసుకున్నానత్తయ్యా."

అత్తకి కోపం రావలసిందే. కానీ నవ్వు ముందొచ్చేసింది.

"అయితే అర్థం తప్పుపోదులే, ఉంచు. సంతకం ఎక్కడ పెట్టాలో చూపించు."