ఎనిమిది బిందెల నాటకం

మధ్యాహ్నం బడి గంట కొట్టారు. కూలి పని నుంచి నేరుగా వచ్చిన లక్ష్మీదేవి, తన కూతురు అశ్వినికి పాఠాలు చెప్పే శశికుమార్ సార్‌ను వరండాలోనే పట్టుకుంది. పట్టుకుంటే తేలిగ్గా వదిలే మనిషి కాదామె.

“ఆ ముక్క ఒక్కటి తీసెయ్ సార్. మిగతాదంతా ఆడించుకో, నేనేమన్నా వద్దంటినా?”

“ఏ ముక్కమ్మా?”

“తెలీనట్ల అడుగుతావే! ముసలామె ముక్క.”

“అదే కదమ్మా నాటకానికి ప్రాణం! అది తీసేస్తే ఇంకేముంటుంది? శనివారం కొత్తచెరువులో పోటీ. మండలంలో బడులన్నీ వస్తాయి.”

“అందుకే తీసెయ్ అంటాండా. కొత్తచెరువులో మా పుట్టినింటోళ్లు ఉండారు. అందరూ సూడనీకి వస్తారు.”

“వస్తే రానీ. పిల్లలు సొంతంగా ఆలోచించి చేసిన నాటకమమ్మా ఇది. నేను ఒక్క మాట రాసియ్యలేదు. సమస్య మాత్రం నేనిచ్చినా. నాలుగు దినాలకొకసారి నీళ్ల ట్యాంకరు వస్తుంది, ఇంటికి ఎనిమిది బిందెలు. ఎట్లా సర్దుకుంటారు? గుంపులుగా కూచోండి, మాట్లాడుకోండి, ఆడి చూపియ్యండి అన్నా. అంతే.”

“అంతేనా?”

“అంతే. ఓబిలేష్ వాళ్ల గుంపు, స్నానం చేసిన నీళ్లు గొడ్లకు పెడతామన్నారు. సోపు నీళ్లు గొడ్లు తాగుతాయా, వీళ్ల పిచ్చి గానీ? ఇంకో గుంపు సర్పంచు ఇంటి ముందర పోయి కూచుంటామన్నారు. మీ అశ్విని గుంపు ఒక్కటే సమస్య తేల్చింది. నాలుగు దినాలు గడిచి, ఇంకా అర బిందె మిగిలింది!”

“ఎట్ల మిగిలింది? నీ నోటితో చెప్పు సార్.”

“అదే... ఇంట్లో మంచంలో ఉండే అవ్వకు నీళ్లు తగ్గిస్తారు. పొద్దున ఒక గ్లాసు, మాపటికి అర గ్లాసు. తాగకపోతే పక్క తడపదు, తడపకపోతే బొంతలు ఉతికే పనుండదు. ఆ నీళ్లు మిగిలిపోతాయి. తెలివైన పిల్లమ్మా! అవ్వ వేషం కట్టిన పిల్ల ‘నీళ్లే, నీళ్లే’ అని నోరు తెరుస్తుంది. కోడలి వేషంలో మీ అశ్విని తడిగుడ్డతో ఆ పెదాలు తుడిచి పోతుంది. పిల్లలు పడీపడీ నవ్వినారు.”

“నవ్వినారా?”

“నేనూ నవ్వినా. యాడ పట్టిందబ్బా ఇదంతా అనుకున్నా.”

“యాడో ఏంది సార్, మా ఇంట్లోనే పట్టింది! మా యత్త సిద్దమ్మ కాళ్లు పడిపోయి మంచంలో ఉండాదని ఊరందరికీ తెలుసు. వాళ్లు నవ్వింది నీ నాటకానికి కాదు, నన్ను సూసి.”

“అమ్మా... అంటే, నిజంగానే?”

“నిజం కాకపోతే పని ఇడిసిపెట్టి వస్తానా సార్?”

“చెప్పమ్మా. ఆమెకు నీళ్లు ఇయ్యవా?”

“ఇయ్యకుండా సంపుతాండానా? తగ్గించినా. తగ్గించినా, అంతే. నువ్వు ఒక్క బిందె మోసినావా సార్? మా ఇంటాయన బెంగుళూరులో బిల్డింగు పనికి పోయినాడు. ట్యాంకరు రాకపోతే నీళ్లకు గుట్టకింద తోట దాకా నేనే పోవాల. ఒక్కసారి బొంతలు ఉతికితే రెండు బిందెలు పాయె! ఏం చేయమంటావు? మంచంలో ముసలోళ్లు ఉండే ఏ ఇంటికన్నా పోయి సూడు. అందరూ చేస్తారు. ఎవురూ బయటికి అనరు. నీ నాటకం అనేసింది.”

“తప్పు కదమ్మా.”

“నవ్వినప్పుడు తప్పు కాలేదా?”

“అప్పుడు... అప్పుడు నాకు తెలీదు కదమ్మా.”

“ఇప్పుడు తెలిసింది గదా. తీసెయ్.”

“సరే, తీసేస్తా. కానీ నువ్వూ ఒక మాట ఇయ్యాల. ఈ దినం నుంచి ఆమె అడిగినన్ని నీళ్లు పొయ్యాల. ఇంకో బిందె కావాలంటే నేను పంచాయతీలో మాట్లాడతా.”

“పోస్తా.”

“ఒట్టు?”

“చౌడమ్మ తల్లి మీద ఒట్టు. అడిగినన్ని పోస్తా. నాకు మాత్రం మనసుండదా సార్? నేను కనపడితే సాలు, ఆమె నా చేతిపక్కే సూస్తాది. మొగం సూడలేక తెల్లారకముందే పనికి బయటపడతాండా, మాపటికొచ్చినా ఆ మంచం పక్కకు పోను. తిండీ నీళ్లూ అన్నీ పాపే సూస్తాది.”

“మంచిది, ఇంక ఏడవొద్దు. అశ్వినీ! ఇట్లా రా పాపా.”

“ఏం సార్? అమ్మా, నువ్వేంటికి వచ్చినావు?”

“మీ అమ్మతో నేనే మాట్లాడుతాండా. పాపా, నాటకం మార్చాల. అవ్వకు నీళ్లు తగ్గించేది వద్దు, తప్పది. మీ గుంపంతా కూచోని ఇంకో ఉపాయం ఆలోచించండి.”

“మార్చేసినాం సార్.”

“అప్పుడేనా?”

“ఆ సార్. అది సరిగా పని చేయల్యా.”

“చూసినావా లక్ష్మీదేవమ్మా? నేను చెప్పకముందే వాళ్లకే తెలిసింది.”

“బతికించినావు తల్లీ! రా, నా పక్కన కూచో.”

“నీళ్లు తగ్గిస్తే అవ్వ పగలూ రాత్రీ అడుగుతానే ఉంటాది సార్. ఎవురికీ నిద్ర పట్టదు. అది ఇంకో సమస్య గదా.”

“సమస్యే మరి! అందుకని ఏం చేద్దామనుకున్నారు?”

“సంగటి కూడా పెట్టం సార్.”

“ఏందే?”

“సంగటి తింటేనే గదమ్మా దప్పికయ్యేది.”

“ఏయ్ పాపా, వద్దు వద్దు. ఊరికే నోటికొచ్చిన ఉపాయాలు చెప్పకూడదు.”

“ఊరికే చెప్పలేదు సార్. ఏ ఉపాయమైనా ఇంట్లో చేసి సూసినాకే చెప్పాలని మీరే అంటిరి గదా? మంగళవారం నుంచి చేసి సూస్తాండా. నిన్న పొద్దున్నుంచి అవ్వ నీళ్లే అడగలేదు.”